గెలిచాక సెలవా?

"పెద్దమ్మా, గెలిచినవాళ్ళని కూడా తీసేస్తారా?"

2024 జూన్‌లో ఒక ఆదివారం పొద్దున్నే మా చెల్లెలి కూతురు వీడియో కాల్‌లో అడిగిన ప్రశ్న ఇది. నేను మిక్సీలో కొబ్బరి పచ్చడి తిప్పుతున్నాను. సరిగ్గా వినపడక, "ఎవర్ని తీసేశారే? మీ టీచర్నా?" అన్నాను.

"కాదు పెద్దమ్మా! మా హాకీ టీమ్ జనరల్ మేనేజర్ని. మొన్ననే కదా కప్పు గెలిచాం!" అంది పిల్ల. గొంతులో ఏడుపు తన్నుకొస్తోంది.

మా చెల్లెలు వాళ్ళుండేది అమెరికాలో, మిన్నెసోటా రాష్ట్రంలోని సెయింట్ పాల్ దగ్గర. చలికాలం వస్తే అక్కడ చెరువులే గడ్డ కడతాయి. మన పిల్లలు వీధి చివర ఖాళీ స్థలంలో క్రికెట్ ఆడినట్లు అక్కడి పిల్లలు ఆ మంచు మీద హాకీ ఆడతారు. పదేళ్ళ మా పిల్ల కూడా కాళ్ళకి స్కేట్లు కట్టుకుని, నెత్తిన హెల్మెట్ పెట్టుకుని వాళ్ళతో కలిసింది. "ఆడపిల్లకి ఆ మొరటాట ఎందుకే, పళ్ళు రాలగొట్టుకోవడానికి కాకపోతే!" అని మా అమ్మ ఫోన్లో సణుగుతూనే ఉంటుంది.

నాకా ఆటలో ఓనమాలు తెలియవు. అందుకే ఆ రోజు, "పెద్దవాళ్ళకి ఏవో కారణాలుంటాయిలేమ్మా" అని దాటేశాను. ఫోన్ పెట్టేశాక నా జవాబు నాకే నచ్చలేదు. చిన్నప్పట్నుంచీ ఈ మాట విని విని కదూ మనం నోరెత్తడం మానేసింది! అందుకే తీరిగ్గా కూర్చుని ఆ సంగతేమిటో తెలుసుకున్నాను. తెలుసుకున్నది మీతో చెప్పుకోవాలనిపించింది.

ముందు జనరల్ మేనేజర్ అంటే ఎవరో చూద్దాం. ఐస్ హాకీలో గోల్ కీపర్‌తో కలిపి ఒక్కో జట్టు నుంచి ఆరుగురు మంచు మీదికి దిగుతారు. ఇరవయ్యేసి నిమిషాల చొప్పున మూడు భాగాలు ఆడతారు. పక్ అనే నల్లటి రబ్బరు బిళ్ళను కర్రతో కొట్టి ఎదుటివాళ్ళ గోల్లోకి పంపాలి. మనకి కనిపించేది ఈ ఆట. బెంచీ వెనక నిలబడి కేకలేసే కోచ్ కూడా టీవీలో కనిపిస్తాడు. జనరల్ మేనేజర్ మాత్రం కనిపించరు. ఎవర్ని జట్టులోకి తీసుకోవాలి, ఎవరికెంత జీతమివ్వాలి, ఎవర్నిచ్చి ఎవర్ని తెచ్చుకోవాలి, కోచ్‌గా ఎవర్ని పెట్టాలి - ఇదంతా ఆ మనిషి పని. చేతిలో ఉన్నది ఇంతే డబ్బు, అంతకు మించి ఖర్చు పెట్టడానికి వీల్లేదు. అందులోనే జట్టు నిలబడాలి, గెలవాలి.

ఇది చదువుతుంటే నాకు నవ్వొచ్చింది. ఒకటో తారీఖున బ్యాంకులో పడ్డ జీతంతో పాలు, కరెంటు, స్కూలు ఫీజులు, మామగారి మందులు, పండక్కొచ్చే ఆడపడుచుకి చీర - అన్నీ సర్ది ముప్పయ్యో తారీఖు దాకా లాక్కొచ్చే మనకి ఈ పని కొత్తా? భోజనాల దగ్గర కనిపించేది వడ్డించిన కూర. దాని వెనక ఉన్న లెక్క కనిపించదు. కూర బాగుంటే "వంకాయలు లేతగా ఉన్నాయి" అంటారు. బాగోకపోతే మాత్రం వండినవాళ్ళు గుర్తొస్తారు.

ఇక మా పిల్ల ఏడ్చిన మనిషి సంగతి. ఆమె పేరు నటాలీ డార్విట్జ్. 1983లో మిన్నెసోటాలోనే పుట్టారు. పద్ధెనిమిదేళ్ళకే 2002 ఒలింపిక్స్‌లో అమెరికా తరఫున ఆడి రజతం తెచ్చుకున్నారు. 2006లో కాంస్యం. 2010లో జట్టు కెప్టెన్‌గా మళ్ళీ రజతం. మధ్యలో మూడుసార్లు ప్రపంచ ఛాంపియన్. మిన్నెసోటా విశ్వవిద్యాలయంలో చదువుకుంటూ 2004లో, 2005లో ఆ జట్టుకి జాతీయ ఛాంపియన్‌షిప్ తెచ్చిపెట్టిన వాళ్ళలో ఒకరు. ఆట మానేశాక కోచ్ అయ్యారు. హామ్లిన్ విశ్వవిద్యాలయంలో ఆడపిల్లల జట్టుని నడిపి, తర్వాత తాను చదివిన విశ్వవిద్యాలయానికే కోచ్‌గా వెళ్ళారు. ఇన్ని పతకాలున్నా ఆమె ఆడే రోజుల్లో ఆడవాళ్ళకి బతుకు గడిచే జీతమిచ్చే లీగ్ ఒకటి నిలదొక్కుకోలేదు. మగవాళ్ళ నేషనల్ హాకీ లీగ్ 1917లో మొదలైందని గుర్తు పెట్టుకోండి.

2023లో ప్రొఫెషనల్ విమెన్స్ హాకీ లీగ్ అని కొత్తది పెట్టారు. మొదటి సీజన్‌కి ఆరు జట్లు. మిన్నెసోటా జట్టుకి డార్విట్జ్ జనరల్ మేనేజర్. ఆ ఏడు సెప్టెంబరు మొదట్లో జనరల్ మేనేజర్లను ప్రకటించారు. 18వ తారీఖున టొరంటోలో క్రీడాకారిణుల ఎంపిక. అంటే చేతిలో ఉన్నది మూడు వారాలు కూడా లేదు. జట్టుకి ఒక పేరైనా పెట్టలేదు, ఉత్త "మిన్నెసోటా" అనే పిలిచేవాళ్ళు. పెళ్ళివారు గుమ్మంలోకి వచ్చేశాక పొయ్యి వెలిగించమన్నట్లుంది కదూ!

ఆ మొదటి సీజన్ నాటి డబ్బు లెక్క వినండి. ఒక్కో జట్టులో 23 మంది. ఏ ఒక్కరికీ ఏడాదికి 35 వేల డాలర్లకి తగ్గకుండా ఇవ్వాలి. కనీసం ఆరుగురికి 80 వేలు, ఆపైన ఇవ్వాలి. అయితే జట్టు మొత్తం మీద సగటు 55 వేలే ఉండాలి. ఒకరికి ఎక్కువిస్తే ఆ మేరకు ఇంకెవరికో తగ్గాలి. పెద్దకోడలికి పట్టుచీర కొంటే చిన్నకోడలికి ఏం కొనాలన్న చిక్కు లాంటిదే ఇదీ. కాకపోతే ఇక్కడ ఆ చిన్నకోడలు బాగా ఆడకపోతే జట్టే ఓడిపోతుంది. ఎంపికలో మొదటి అవకాశం మిన్నెసోటాకి వచ్చింది. డార్విట్జ్ ఆ రాష్ట్రం అమ్మాయినే, టేలర్ హైజ్‌ని, ఎంచుకున్నారు.

సీజన్ మొదలవడానికి వారం రోజులుందనగా, కోచ్‌గా పెట్టిన మనిషి తప్పుకున్నారు. అప్పటికప్పుడు కెన్ క్లీ అనే పాత క్రీడాకారుణ్ణి తెచ్చి పెట్టుకున్నారు. 2024 జనవరి 6న సొంత ఊళ్ళో మొదటి ఆటకి 13,316 మంది వచ్చారు. అందులో మా చెల్లెలు, మరిది, పిల్ల కూడా ఉన్నారు. "అక్కా, ఆడవాళ్ళ ఆట చూడ్డానికి ఇంతమంది మగవాళ్ళు పిల్లల్ని భుజాన వేసుకుని రావడం ఎప్పుడైనా చూశావా?" అని ఆ రాత్రి చెల్లెలు ఫోన్ చేసింది నాకు జ్ఞాపకం.

సీజన్ చివర్లో మాత్రం జట్టు వరసగా ఐదు ఆటలు ఓడిపోయింది. ఆఖరి రోజున ఒట్టావా కూడా ఓడబట్టి, నాలుగో స్థానంతో ఎలాగో పైకి వచ్చింది. ఆ లీగ్‌లో ఒక చిత్రమైన నిబంధన ఉంది. మొదటి స్థానంలో ఉన్నవాళ్ళు తమ ప్రత్యర్థిని తామే ఎంచుకోవచ్చు. టొరంటో జట్టు మిన్నెసోటానే ఎంచుకుంది. అంటే "వీళ్ళయితే తేలిక" అనేగా! మొదటి రెండు ఆటల్లో మిన్నెసోటా ఒక్క గోలూ కొట్టలేక ఓడింది. ఆ తర్వాత మూడూ వరసగా గెలిచింది!

ఫైనల్లో బోస్టన్‌తో ఐదు ఆటలు. నాలుగో ఆట సెయింట్ పాల్‌లో. అదనపు సమయంలో మిన్నెసోటా గోల్ కొట్టింది. గెలిచేశామని హెల్మెట్లు, చేతి తొడుగులు గాల్లోకి విసిరేసి కావలించుకున్నారు. ఆ గోల్ చెల్లదన్నారు. విసిరేసినవన్నీ ఏరుకుని మళ్ళీ తగిలించుకున్నారు. కాసేపటికే బోస్టన్ గోల్ కొట్టి గెలిచేసింది. అలాంటి రాత్రి తర్వాత ఎవరైనా లేవగలరా? లేచారు. మే 29న బోస్టన్ వాళ్ళ గడ్డ మీదే 3-0తో గెలిచి, మొట్టమొదటి వాల్టర్ కప్పు ఎత్తారు. ఫైనల్స్ దాకా సాగిన ఆ పోటీల్లో ఉత్తమ క్రీడాకారిణి ఎవరో తెలుసా? డార్విట్జ్ మొట్టమొదట ఎంచుకున్న టేలర్ హైజ్.

ఆ తర్వాత రెండు వారాలైనా గడవకుండానే, జూన్ 10న అదే సెయింట్ పాల్‌లో కొత్త క్రీడాకారిణుల ఎంపిక జరగబోతుండగా, డార్విట్జ్ ఇక జనరల్ మేనేజర్ కాదని లీగ్ ప్రకటించింది. ఏరు దాటాక తెప్ప తగలేయడమంటే ఇదే కదా అనిపించింది నాకు.

కానీ న్యాయంగా మాట్లాడుకుందాం. ఇది మగవాళ్ళు ఆడదాన్ని తొక్కేసిన కథ అని రాసేస్తే తేలిగ్గా ఉంటుంది. అది నిజం కాదు. లీగ్‌లో ఆ వ్యవహారాలు చూసే పెద్ద అధికారి జేనా హెఫర్డ్ ఆడమనిషే, స్వయంగా గొప్ప క్రీడాకారిణి. తామొక సమీక్ష జరిపామని, ఉన్న మనుషులతో ముందుకు సాగే దారి కనిపించలేదని లీగ్ చెప్పింది. కోచ్ ఉన్నారు, ఆమె వెళ్ళారు. తర్వాత ఆ స్థానంలోకి వచ్చిన మెలిస్సా కరుసో కూడా ఆడమనిషే. పైగా మిన్నెసోటా జట్టు 2025లో మళ్ళీ కప్పు గెలిచింది. కాబట్టి ఆమె లేకపోతే అంతా మునిగిపోయిందనడానికీ లేదు. లోపల ఏం జరిగిందో, ఎవరిది ఒప్పో ఇక్కడ కూర్చుని నేను తీర్పు చెప్పలేను.

నాకు నచ్చనిది తీసేయడం కాదు, తీసేసిన తీరు. సమీక్షలో ఏం తేలింది? ఏ పని ఎలా చేసి ఉండాల్సింది? ఆటను కళ్ళల్లో పెట్టుకుని చూసిన ఊరికి, ముఖ్యంగా "నేను కూడా పెద్దయ్యాక అలా అవుతా" అనుకున్న పిల్లలకి, ఆ మాట చెప్పలేదు.

మగవాళ్ళని తీసేయరా అంటే తీసేస్తారు. 2023లో టొరంటో మగవాళ్ళ జట్టు జనరల్ మేనేజర్ కైల్ డుబాస్‌కి అలాగే జరిగింది. 2004 తర్వాత మొదటిసారి ఆ జట్టు ప్లే ఆఫ్స్‌లో ఒక రౌండ్ గెలిచిన ఏడాదే ఆయన్ని వద్దన్నారు. కానీ ఆ జట్టు అధ్యక్షుడు విలేఖరుల ముందు కూర్చుని ఎప్పుడేం మాట్లాడుకున్నారో, ఎక్కడ చెడిందో వరసగా చెప్పారు. వినేవాళ్ళు అది ఒప్పో తప్పో వాదించుకోగలిగారు. పట్టుమని రెండు వారాలు తిరక్కుండానే పిట్స్‌బర్గ్ జట్టు డుబాస్‌ని పిలిచి అంతకంటే పెద్ద కుర్చీ వేసింది.

ఇంకో మనిషి గురించి కూడా చెప్పాలి. డేవిడ్ పాయిల్. వాళ్ళ నాన్న బడ్ పాయిల్ కూడా హాకీ జనరల్ మేనేజరే. కొడుకు 1982 నుంచి 1997 దాకా వాషింగ్టన్‌కి, ఆ తర్వాత 2023 దాకా నాష్‌విల్‌కి జనరల్ మేనేజర్. మొత్తం నలభై ఏళ్ళు పైమాటే! నాష్‌విల్ కొత్త జట్టు. 1998లో ఆడడం మొదలుపెడితే ప్లే ఆఫ్స్ ముఖం చూసింది 2004లో. ఫైనల్‌కి చేరింది 2017లో, అదీ ఓడిపోయింది. అన్నేళ్ళలో ఆయన కట్టిన ఏ జట్టూ స్టాన్లీ కప్పు గెలవలేదు. అయినా నాష్‌విల్‌లో ఎవరూ వెళ్ళమనలేదు. ఎవరికీ లేనన్ని ఆటలు గెలిపించిన జనరల్ మేనేజర్‌గా పేరు తెచ్చుకుని, ఫలానా రోజున దిగిపోతానని నెలల ముందే తానే చెప్పి, మర్యాదగా ఇంటికెళ్ళారు. మంచిదే. ఆయన్ని చూసి నాకు అసూయ లేదు. మొక్క నాటిన మర్నాడే కాయలేవని అడగని యజమానులు దొరకడం ఎవరికైనా అదృష్టమే.

విచిత్రమేమిటంటే 2024 నవంబరులో టొరంటోలో హాకీ హాల్ ఆఫ్ ఫేమ్ వాళ్ళు సత్కరించిన వాళ్ళలో ఈ ఇద్దరూ ఉన్నారు. నలభై ఏళ్ళు ఆ కుర్చీలో కూర్చుని కప్పు చూడని పెద్దాయన. ఒక్క ఏడాదే కూర్చుని కప్పు తెచ్చి, కుర్చీ పోగొట్టుకున్న డార్విట్జ్. ఆమెను ఎంచుకున్నది క్రీడాకారిణిగా, జనరల్ మేనేజర్‌గా కాదు. ఆ పని నిరూపించుకునే వ్యవధి ఆమెకి ఎక్కడిచ్చారు?

మగవాళ్ళ లీగ్‌లో 32 జట్లున్నాయి. 2022లో ఎమిలీ కాస్టన్‌గే, కామీ గ్రనాటో, హేలీ వికెన్‌హైజర్ లాంటి వాళ్ళు అసిస్టెంట్ జనరల్ మేనేజర్లయ్యారు. 2025 వరకూ ఏ ఒక్క జట్టుకీ ఆడమనిషి జనరల్ మేనేజర్ కాలేదు. అసిస్టెంట్ దాకా రానిస్తారు. తాళంచెవుల గుత్తి మాత్రం ఇంకా చేతికి రాలేదు.

ఎక్కడో మంచుదేశంలో ఆట గురించి ఈవిడకింత బాధెందుకు అంటారేమో! చెప్తాను.

కొన్నేళ్ళ క్రితం మా అపార్ట్‌మెంట్ సంఘానికి నన్ను సెక్రటరీని చేశారు. ఇరవై నాలుగు ఫ్లాట్లు. నేను పుస్తకం చేతికి తీసుకునే నాటికి లిఫ్ట్ ఆగిపోయి నాలుగు నెలలు. బోరు ఎండిపోయింది. మెయింటెనెన్స్ బకాయిలు లక్ష పైన. బి.కాం. చదివి పదహారేళ్ళు వంటింట్లో ఉన్నదాన్ని కదా, సరదాగా మొదలుపెట్టాను. మధ్యాహ్నాలు కథ రాసుకునే వేళ మానుకుని గుమ్మం గుమ్మం తిరిగాను. బకాయిలు వసూలయ్యాయి. కొత్త బోరు వేయించాం. లిఫ్ట్ బాగుపడింది. లెక్కలు పైసాతో సహా గోడకి అంటించాను.

ఏడాది తిరిగాక మీటింగ్ పెట్టారు. "మేడమ్ పాపం చాలా కష్టపడ్డారు, ఇక రెస్ట్ ఇద్దాం" అన్నారొకాయన. అందరూ చప్పట్లు కొట్టారు. పుస్తకం ఇంకొకరి చేతికి వెళ్ళింది. నేను రెస్ట్ అడగలేదు. ఇంటికొస్తే మావారు, "పోనీలే, తలనొప్పి వదిలింది" అన్నారు. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ఏం తప్పు చేశానా అని ఏడాదంతా తవ్వుకున్నాను.

మూడు నెలల తర్వాత వాచ్‌మన్ భార్య చెప్పింది అసలు సంగతి. బకాయిలున్న వాళ్ళ పేర్లు నోటీసు బోర్డులో పెట్టానని నలుగురికి కోపమొచ్చిందట. ఆ కారణం మేడ మీది వాళ్ళకి తెలుసు, కింద వాళ్ళకి తెలుసు, వాచ్‌మన్‌కి తెలుసు. నాకొక్కదానికే తెలియదు! నిజం చెప్పొద్దూ, పేర్లు పెట్టడం తొందరపాటే అని ఇప్పుడు నాకూ అనిపిస్తోంది. కానీ నా ముఖం మీద చెప్పి ఉంటే తప్పని ఒప్పుకుని దిద్దుకునేదాన్ని. లేదా కాదని వాదించేదాన్ని. చప్పట్లు కొట్టి పంపేస్తే రెండూ చేయలేం.

చూశారా, ఇదీ నాకు తట్టిన విషయం. ఓడినవాళ్ళకి కారణం తెలుస్తుంది, స్కోరు బోర్డు మీదే ఉంటుంది. గెలిచాక పంపేస్తేనే కారణం చెప్పడం మరింత అవసరం. చెప్పకపోతే ఆ మనిషి తన గెలుపునే అనుమానించుకోవడం మొదలుపెడుతుంది. ముఖ్యంగా ఆడవాళ్ళం. చిన్నప్పట్నుంచీ "నీదే తప్పయి ఉంటుంది" అని నేర్పించి పెంచారు మనల్ని.

ఆడవాళ్ళకి పదవులివ్వండని అడుగుతున్నాం, బాగానే ఉంది. పదవితో పాటు రెండు విషయాలు కూడా అడగడం నేర్చుకోవాలి. ఒకటి, ఇంత కాలం అన్న గడువు. రెండు, వద్దనుకుంటే ఎందుకో ఎదురుగా చెప్పే మర్యాద. మహిళా సంఘంలో అయినా, ఆఫీసులో అయినా, ఉమ్మడి కుటుంబంలో అయినా ఇది వర్తిస్తుంది. అలాగే మనం కూడా కోడలి చేతిలోంచి గరిటె లాక్కునే ముందు, పనిమనిషిని మానిపించే ముందు ఒక్క మాట చెప్పాలి. మనకి కావలసిన మర్యాద మన చేతిలో ఉన్నవాళ్ళకి ఇవ్వకపోతే ఎలా?

పోయిన నెల మా అపార్ట్‌మెంట్ వాళ్ళు మళ్ళీ వచ్చారు. బకాయిలు మళ్ళీ పెరిగాయి, లిఫ్ట్ మళ్ళీ ఆగింది. "మీరే ఉండాలమ్మా" అన్నారు. కాఫీ ఇచ్చి, రెండేళ్ళ గడువు, తీసేస్తే కారణం మినిట్స్ పుస్తకంలో రాయాలి, అదీ నేను ఎదురుగా ఉన్నప్పుడు - అని చెప్పాను. ఒకరి మొహాలొకరు చూసుకుని వెళ్ళారు. మావారు "అంత రభస ఎందుకే" అన్నారు. ఇంకా కబురు రాలేదు. రాకపోయినా ఫరవాలేదు. అడిగానన్న తృప్తి ఉంది.

ఆ సాయంత్రమే మా పిల్లకి ఫోన్ చేసి, అప్పట్లో దాటేసిన ప్రశ్నకి జవాబు చెప్పాను. "గెలిచినవాళ్ళనీ తీసేస్తారమ్మా. కానీ ఎందుకో చెప్పాలి. చెప్పకపోతే మనం అడగాలి."

"నేను అడిగాను పెద్దమ్మా!" అంది అది ఉత్సాహంగా. ఈ సీజన్‌లో తనని మొదటి వరసలోంచి రెండో వరసకి మార్చారట. సరాసరి కోచ్ దగ్గరికెళ్ళి "ఎందుకు?" అందట. "ఎడమ వైపుకి తిరగడంలో నెమ్మదిగా ఉన్నావు" అని ఆయన చెప్పారట. ఇప్పుడు రోజూ అరగంట ఎడమ వైపుకే తిరుగుతోందట.